జిగురు తాత బోర్డు

"పెళ్ళి నోటీసులెక్కడ?"

"వేడినీళ్ళా? ఆ మూల కుళాయి ఉంది బాబూ. కాకపోతే చన్నీళ్ళే వస్తాయి."

వివాహ నమోదు కార్యాలయం గుమ్మంలో నిలబడ్డ ఎర్రచొక్కా మనిషి పళ్ళు నూరాడు.

"నీళ్ళు కాదయ్యా! నోటీసులు, నోటీసులు!"

"నోట్లా? నా దగ్గర చిల్లర లేదు బాబూ."

గుమాస్తాలు ఫైళ్ళ చాటున కిసుక్కుమన్నారు. బంట్రోతు జిగురు తాత చెవుడు ఆ ఆఫీసుకి ఉచిత వినోదం.

ఎర్రచొక్కా తనే బోర్డు దగ్గరికి వెళ్ళాడు. పాత కుర్చీల వేలం ప్రకటన, దాని మీద సెలవుల జాబితా, దాని మీద దోమల మందు కాగితం. తాత అంటించాడంటే అంటుకోవడమే తప్ప అంతుచిక్కడం ఉండదు.

"మళ్ళీ వస్తా" అని ఎర్రచొక్కా విసురుగా వెళ్ళిపోయాడు.

గాజు తలుపు వెనకనుంచి ఇదంతా చూసిన కొత్త రిజిస్ట్రారు మేడమ్‌కి తల కొట్టేసినట్టయింది. వచ్చి వారం కాలేదు. ఆవిడ సర్దుకుపోయే మనిషి కాదు, సర్దిపెట్టే మనిషి.

"పెళ్ళి నోటీసు ముప్ఫై రోజులు అందరికీ కనబడాలి తాతా. అది రూలు."

"అంటిస్తూనే ఉన్నా కదమ్మా."

"కనబడేలా!"

"వినబడేలానా?"

ఆ సాయంత్రమే తాతని రికార్డుల గదికి, ఆయన బోర్డుని ఆయన వెనకే పంపేసింది. కొత్త గాజు బోర్డు తెప్పించింది. తొలి నోటీసు తనే, స్కేలు పెట్టి మరీ అంటించింది.

అది ముందురోజు వచ్చిన జంటది. అమ్మాయి పళ్ళ డాక్టరు దగ్గర సహాయకురాలు, అబ్బాయి గడియారాలు బాగుచేస్తాడు.

"మా అన్నయ్య ఒప్పుకోడు మేడమ్. ఇంట్లోవాళ్ళ సంతకం కావాలా?" అని అడిగింది అమ్మాయి, చేతిసంచి పట్టీ నులుముతూ.

"అక్కర్లేదు. ఇద్దరూ మేజర్లు. ఎవర్ని చేసుకోవాలో మీ ఇష్టం. చట్టం మీ వైపు ఉంది."

"చట్టం ఉంటుంది మేడమ్. ముప్ఫై రోజులు మేమూ ఉండాలి కదా" అని నవ్వింది అమ్మాయి.

చమత్కారం అనుకుని మేడమ్ కూడా నవ్వింది.

తొమ్మిదో రోజు ఎర్రచొక్కా మళ్ళీ వచ్చాడు. ఈసారి ఎవర్నీ అడగాల్సిన పని పడలేదు. పేర్లు, వయసులు, అమ్మాయి ఉంటున్న హాస్టలు చిరునామా, అన్నీ కళ్ళలో గుచ్చుకునేంత పెద్ద అక్షరాల్లో ఉన్నాయి.

"బోర్డు బాగుంది మేడమ్" అని మెచ్చుకుని మరీ వెళ్ళాడు.

మేడమ్ ఆ మాట ఇంట్లో కూడా చెప్పుకుంది.

పన్నెండో రోజు పోలీసు వచ్చాడు. ఆ నోటీసు నకలు కావాలన్నాడు.

"ఎందుకు?"

"ఆ అమ్మాయి లేదు మేడమ్."

"లేదా? ఎక్కడికెళ్ళింది?"

పోలీసు టోపీ తీశాడు. "లేదంటే, ఇక లేదు మేడమ్. వాళ్ళన్నయ్యే. చిరునామా ఎలా దొరికిందిరా అంటే, మీ బోర్డు మీద చూశానన్నాడు. ఆ అబ్బాయి స్టేషన్ బెంచీ మీద కూర్చున్నాడు, లేవట్లేదు."

పెద్ద గుమాస్తా పాత రిజిస్టరు మూసి, మెల్లిగా అన్నాడు: "మేడమ్, తాత బోర్డు చూసుకున్నన్నాళ్ళలో ముప్ఫయ్యో రోజున సంతకానికి రాని జంట ఒక్కటే. అదీ ఆయన చేరిన కొత్తలో."

ఆఫీసంతా రికార్డుల గదికి నడిచింది. పాత బోర్డు గోడకి ఆనించి ఉంది. మేడమ్ దోమల మందు కాగితం లేపింది. కింద పెళ్ళి నోటీసు. సెలవుల జాబితా లేపింది. కింద పెళ్ళి నోటీసు.

తాత అటు తిరిగి ఫైళ్ళకి దారం కడుతున్నాడు.

"తాతా" అంది మేడమ్. తన మాట తనకే వినబడలేదు.

తాత వెంటనే తిరిగాడు.

"నీకు చెవుడు లేదా?"

"లేదమ్మా. కొత్తలో నేనూ మీలాగే స్కేలు పెట్టి అంటించేవాణ్ణి. ఎవరేం అడిగినా ఇట్టే వినబడేది. ఓ రోజు ఓ కుర్రాడొచ్చి, మా చెల్లెలి నోటీసేదీ అన్నాడు. అన్న కదా, సంతోషిస్తాడనుకుని వేలు పెట్టి చూపించాను."

మేడమ్ సెలవుల జాబితాని మళ్ళీ నోటీసు మీదికి దించింది.

"వాడు నా కొడుకేనమ్మా" అన్నాడు తాత, జిగురు ఎండిపోయిన తన చూపుడు వేలిని చూసుకుంటూ.