మింగి సెప్పు

"తలకాయలు పారేయొద్దు పాపా. రుచంతా ఆడనే ఉంటాది."

హెప్సిబా వెనక్కి తిరిగింది.

ఆదోని చేపల మార్కెట్లో అరకిలో రొయ్యలు తూయించుకుని, తలలు తీసేయమని అప్పుడే చేపలమ్మే భారతికి చెప్పింది. వెనక నిలబడి ఉన్నది యాభై ఏళ్ల ఆడమనిషి. మండు వేసవిలో మెడచుట్టూ ఉన్ని మఫ్లరు. గొంతు పెగలడం లేదు. తలుపు సందులోంచి గాలి ఊదినట్టు మాట్లాడుతోంది.

"సూప్ చేయల్ల. తెల్లగా, చిక్కగా ఉంటాదంట. నాకు రాదు," అంది హెప్సిబా.

మంగళూరుకు కట్టడం పనికి పోయిన హెప్సిబా భర్త ప్రదీప్ పైనుంచి పడి, నడుము విరగ్గొట్టుకుని ఇల్లు చేరి రెండు నెలలైంది. ఎప్పుడు చూసినా గోడవైపు తిరిగి పడుకునే ఉంటాడు. ముద్ద కలిపి పెడితే చేత్తో తోసేస్తాడు. నిన్న మాత్రం, ఆడ తాగిన రొయ్యల సూప్ దొరికితే బాగుండు అన్నాడు.

"గోవాలో ఇరవై ఏండ్లు హోటల్లో వండినా. ఇంటికొచ్చి సెప్తా పద," అంది ఆమె.

ముక్కూమొహం తెలియని మనిషి. హెప్సిబా జంకింది. కానీ రెండు నెలల్లో ప్రదీప్ నోరు తెరిచి అడిగింది అదొక్కటే.

వంటింట్లో ఆమె దేన్నీ ముట్టుకోలేదు. గోడకు ఆనుకుని చెబుతూ పోయింది.

"తలలు, పొట్టు వెన్నలో ఎర్రగా వేయించు. దంచి, నీళ్లు పోసి మరగనీ. వడగట్టు. ఆ నీళ్లలోనే ఉండాది అంతా."

హెప్సిబా చెప్పినట్టే చేసింది. వెన్నలో వెల్లుల్లి, ఉల్లిగడ్డ, రెండు చెంచాల మైదా. ఉండ కట్టకుండా పాలు. ఆ మీద వడగట్టిన నీళ్లు, రొయ్యలు, మిరియాలపొడి, ఆఖరున మీగడ.

ఆవిరి లేచింది.

ఆమె ముందుకొచ్చి గిన్నె మీదకు వంగి, ఆవిరిలో మొహం పెట్టి కళ్లు మూసుకుంది. ఎంతసేపటికీ కదల్లేదు. మొహం కమిలిపోతుందేమో అనిపించింది హెప్సిబాకు.

"అమ్మా, ఉప్పు సూస్తావా?"

"నాకొద్దు. నువ్వు తాగు. తాగి సెప్పు."

హెప్సిబా ఒక గుక్క తాగింది. ఆమె చూపు హెప్సిబా గొంతు మీదే ఉంది.

"నాలుక మీద ముందు ఏం తగిలింది?"

"మీగడ."

"ఆమీట?"

"మిరియాల ఘాటు."

"ఇంగో గుక్క తాగు. మెల్లగా మింగు. గొంతులో దిగేటప్పుడు ఎట్లుందో సెప్పు."

హెప్సిబా మింగింది. అదే క్షణాన, ఎదురుగా మఫ్లరు కింద ఆ మనిషి గొంతు కూడా పైకి లేచి కిందికి దిగింది.

హెప్సిబా గిన్నె దూరంగా జరిపింది. తిండిలో మందు పెట్టేవాళ్ల గురించి చిన్నప్పటినుంచి విన్నవన్నీ మెదిలాయి. తాము ముట్టరంట. తినేవాళ్ల గొంతే చూస్తుంటారంట. ఆవిరిలో మొహం పెట్టి ఏం ఊదిందో ఏమో.

"ముందు నువ్వు ఒక గుక్క తాగు. అప్పుడే మా ఆయప్పకు పోస్తా."

ఆమె ఒక అడుగు వెనక్కి వేసింది. "నాతో కాదు పాపా."

"అయితే పో."

గడప దాటి ఆమె ఆగింది. "గొంతులో దిగేటప్పుడు ఎట్లుండింది? అదొక్కటి సెప్పు. పోతా."

హెప్సిబా తలుపేసి గడియ పెట్టింది. కిటికీ సందులోంచి చూస్తే, మిట్టమధ్యాహ్నం ఎండలో ఆమె తలుపుకు చెవి ఆనించి నిలబడే ఉంది. చాలాసేపటికి గానీ కదల్లేదు.

సూప్ మోరీలో పారబోసింది హెప్సిబా.

"ఏం వాసన అది?"

ప్రదీప్ గొంతు. గోడవైపు నుంచి ఇటు తిరిగి, మోచేతి మీద లేచి ఉన్నాడు.

గిన్నె అడుగున అంటుకున్నదే అతనికి మిగిలింది. వేలితో తీసి నాకాడు. "ఇదే మే. ఇదే," అని గిన్నె ఒళ్లో పెట్టుకుని ఏడ్చాడు.

రెండు గుక్కలు మింగిన హెప్సిబాకూ ఏమీ కాలేదు. ఆ వారంలో మరో రెండుసార్లు అదే సూప్ చేసింది. ప్రదీప్ లేచి కూర్చుని తాగాడు. అన్నం కూడా అడిగాడు.

తర్వాతి ఆదివారం మార్కెట్లో ఆ మనిషి కనిపించకపోతే భారతిని అడిగింది.

"రామక్కనా? ఎమ్మిగనూరు. వారం వారం బస్సుకొస్తాది," అని భారతి వీధి గుర్తులు చెప్పింది.

ఇంటికి పోయి సూప్ చేసి, క్యారియర్లో పోసి, చల్లారకుండా తువ్వాలు చుట్టి హెప్సిబా ఎమ్మిగనూరు బస్సెక్కింది.

తలుపు తీసింది రామక్క భర్త జయన్న.

"రామక్క ఇంక లేదమ్మా. మట్టి చేసి మూడు దినాలాయ."

హెప్సిబా క్యారియర్‌ను రెండు చేతులా పట్టుకుంది. "సూప్ తెచ్చినా అన్నా. నాకు నేర్పింది ఆయమ్మే. ఒక గుక్కన్నా తాగుతాదని..."

జయన్న క్యారియర్ వైపు చూశాడు.

"తాగేదానికి యాడయితాది? గొంతులో గడ్డ కోసినాక రెండేండ్లు నోట్లోంచి చుక్క దిగలేదు. అంతా పొట్టకేసిన పైపులోనే. జబ్బని తెలిస్తే వంటింట్లోకి రానీరని ఎవురికీ సెప్పేది కాదు."

హెప్సిబా క్యారియర్ గడప మీద దించింది.

"నాకు రుచులు సెప్పేకి రాదమ్మా, బాగుండాది అంటా, అంతే. ఎవురన్నా తిని, మింగి, ఎట్లుందో సెప్తే అదే ఆమె తిండి. పోయిన ఆదివారం ఆదోని నుంచి వచ్చి, 'ఈ పొద్దు పస్తే' అని పండుకునింది."