మఫ్టీలో ముసలాయన

చావింటికి పలకరింపుకొచ్చిన ముసలాయన లేస్తూ, చేతులు జోడించి "ఆవ్జో" అన్నాడు.

భాగీరథికి ఒళ్లు మండింది.

చావింట్లో వెళ్లొస్తానని కూడా అనకూడదే, ఈయనేమో గుజరాతీలో మళ్లీ కలుద్దామంటున్నాడు!

"ఎవలే గీ ముసలాయన?" అని పక్కింటి మంగను అడిగింది.

"షెడ్డు కాడోళ్లు కావచ్చు అక్కా. వాళ్లకు మన పద్ధతులేం ఎరుక?"

పోయింది భాగీరథి తమ్ముడు నరహరి. అక్కాతమ్ముళ్లు బతుకుదెరువుకొచ్చిన సూరత్‌లోనే, ఉన్ అనే పేట దగ్గర మరమగ్గాల షెడ్డులో పని. షెడ్డు మేడ మీది నుంచి పడ్డాడు. తాగి పడ్డాడని పోలీసులు కేసు మూసేశారు.

చుక్క ముట్టనివాడు తాగి పడటమేమిటి? ఆ పొద్దున మేనేజర్‌తో పెద్ద గొడవైందని తోటివాళ్లు గుసగుసలాడారు. ఠాణాకొచ్చి చెప్పమంటే మాత్రం ఒక్కడూ కదల్లేదు.

భాగీరథి ఒక్కతే తిరిగి తిరిగి చెప్పులరగదీసుకుంది. తమ్ముడు పోయిన దుఃఖం ఒకెత్తు, వాడికి తాగుబోతన్న పేరు మిగలడం ఒకెత్తు.

అలాంటిది ఓ మధ్యాహ్నం మంగ పరుగెత్తుకొచ్చింది.

"అక్కా, టీవీల చెప్పిండ్రు! మన నరహరి కేసు హైకోర్టు సీఐడీకి ఇచ్చిందట!"

"కోర్టుకు ఎవలు పోయిండ్రే? నేనైతే పోలే!"

అక్కడి తెలుగువాళ్ల సంఘం పెద్ద రాజనర్సే కేసు వేసుంటాడని గల్లీ అంతా తీర్మానించి, ఆయనకు శాలువా కప్పింది. ఆయనా కాదనలేదు. శాలువా మాత్రం జాగ్రత్తగా మడిచి పట్టుకెళ్లాడు.

మర్నాడు ఎదురుగా టీ బండి దగ్గర ఆ ముసలాయన మళ్లీ ప్రత్యక్షమయ్యాడు. ఆపైన రోజూ అంతే. టీ తాగడం, భాగీరథి గుమ్మం వైపు చూడటం.

"సీఐడీ!" అంది మంగ గొంతు తగ్గించి. "మఫ్టీల వస్తరట వాళ్లు."

"గీ ముసలోడా?"

"సీఐడీ లెక్క కనవడకుంటనే వస్తరక్కా! గదే వాళ్ల తెలివి."

ఇంకేముంది, గల్లీలో ఆయనకు రాజభోగం పట్టింది. కూర్చోవడానికి మంగ ఇంట్లోంచి కుర్చీ వచ్చింది. భాగీరథి వేడివేడి సర్వపిండి పట్టుకెళ్లి, వచ్చీరాని హిందీలో తమ్ముడి కథంతా వెళ్లబోసుకుంది.

"తాగేవాడా?" అనడిగాడాయన.

"మా అవ్వ మీద ఒట్టు, వానికి వాసన గూడ పడది."

ఆయన సర్వపిండి తుంచాడు గానీ నోట్లో పెట్టుకోలేదు.

"తోసినవాడు దొరికితే ఏం చేయమంటావు బేన్?"

"ఉరి తియ్యాలె! వాన్ని కన్నోళ్లు గూడ నా లెక్కనే ఏడ్వాలె!"

ముసలాయన తల వంచుకుని, "న్యాయమే" అన్నాడు.

ఎంత ఓపిక, ఆఫీసరంటే ఇలా ఉండాలి అని భాగీరథి మురిసిపోయింది.

ఆ మురిపెం ఎంతోకాలం నిలవలేదు. ఓ పొద్దున అసలు సీఐడీ జీపు గల్లీలోకి వచ్చింది. ఓ ఆఫీసరమ్మ దిగి ప్రశ్నలు మొదలుపెట్టింది.

"గివన్నీ మీ పెద్దసారుకు చెప్పిన మేడం. రోజూ మఫ్టీల వస్తడు గదా?"

"మఫ్టీలోనా? మావాళ్లెవరూ ఇటు రాలేదమ్మా!"

భాగీరథి ఆ పూటంతా టీ బండి వైపే చూస్తూ కూర్చుంది.

ఆ సాయంత్రం ముసలాయన రాగానే మీద పడింది.

"ఎవనివి నువ్వు? షెడ్డు సేఠ్ పంపిండా? మా ఇంటి మాటలు మోసుడేనా నీ పని? పెద్దమనిషివని నెత్తిన వెట్టుకుంటి గదయ్యా, సిగ్గు లేదా?"

మంగ కుర్చీ లాగేసుకుంది. ఆయన దండం పెట్టి వెళ్లిపోయాడు. ఆ తర్వాత మళ్లీ కనిపించలేదు.

కొన్నాళ్లకు మేనేజర్‌ను అరెస్టు చేశారు. గొడవలో తోసింది అతనేనని, నరహరి తాగలేదని తేలింది. ఆ కబురు చెప్పడానికొచ్చిన ఆఫీసరమ్మ చేతులు పట్టుకుని భాగీరథి భోరుమంది.

"మీకు, మా రాజనర్సన్నకు జన్మంత రుణపడి ఉంట మేడం."

"రాజనర్సెవరు?"

"కోర్టుల కేసు ఏసినాయన."

"కాదమ్మా! వేసింది మావజీభాయ్ అనే పెద్దాయన. రోజూ మీ ఎదురు టీ బండి దగ్గర కూర్చునేవాడట. మీతో చెప్పుకోవాలని వచ్చి, నోరు రాక తిరిగిపోయేవాడట."

భాగీరథి చటుక్కున టీ బండి వైపు తిరిగింది.

"యాడున్నడు మేడం? పోయి కాళ్లు మొక్కుత!"

"సూరత్ వదిలేసి సొంతూరికి వెళ్లిపోయాడు. ఇక్కడ బంధువులెవరూ ఆయన్ని గడప తొక్కనివ్వడం లేదు."

"ఎందుకు మేడం? గింత మంచి పని చేసినోన్ని!"

ఆఫీసరమ్మ మెల్లగా చెప్పింది:

"మేం పట్టుకున్న మేనేజర్ ఆయన ఒక్కగానొక్క కొడుకమ్మా."