అన్నమ్మ పిలవని పేరు

ఇమ్మానుయేలు చనిపోయి ఆ రోజుకి సరిగ్గా ఏడాది.

ఆ ఉదయం కూడా జ్ఞానానందం మాస్టారు కాఫీ తాగి, కళ్ళజోడు తుడుచుకుని, "ఇమ్మానుయేలూ, రా నాన్నా, కూర్చో" అని పిలిచారు.

అతను వచ్చాడు. ఎప్పట్లాగే చప్పుడు చేయకుండా వచ్చి కిటికీ పక్క కుర్చీలో కూర్చున్నాడు. పిలిస్తే రావడమే గాని, ఈ ఏడాదిలో ఆ పేరుకి ఒక్కసారి కూడా పలకలేదు.

వంటింట్లో అన్నమ్మ మునక్కాడలు కోస్తోంది. కత్తిపీట ఆగింది. కాసేపటికి మళ్ళీ కదిలింది.

మాస్టారి సంగతి గరివిడిలో తెలియనివాళ్ళు లేరు. ముప్పై ఏళ్ళు కాలేజీలో చరిత్ర చెప్పి, ఆ ముప్పై ఏళ్ళూ ఉత్తర అమెరికాలోని ఇరాక్వాయ్ అనే ఆదివాసుల భాషనీ ఆచారాలనీ పట్టుకుని వేళ్ళాడిన మనిషి. పక్కవీధిలో పెళ్ళి ఎవరిదో ఆయనకి తెలియదు. ఆ తెగల్లో పెళ్ళికి ఏం వండుతారో అడగండి, గంట చెబుతారు. ఇప్పుడు చూపు బాగా మందగించింది. పుస్తకంలో చివరి అధ్యాయం నోటితో చెప్పి రాయిస్తున్నారు. ఎవరిచేత అని అడిగితే "మా అబ్బాయిచేత" అంటారు. అడిగినవాళ్ళు మాట మార్చేస్తారు.

"రాసుకో" అన్నారు మాస్టారు. "ఇంట్లో మనిషి పోతే ఉన్నవాళ్ళ కళ్ళకి కన్నీళ్ళు అడ్డం పడతాయి. చెవులు మూసుకుపోతాయి. గొంతు పూడుకుపోతుంది. వాళ్ళంతట వాళ్ళు బాగుపడలేరు. తెగలో అవతలి వర్గంవాళ్ళు రావాలి. మెత్తని జింకతోలుతో కళ్ళు తుడవాలి, చెవులు తెరవాలి, గొంతులో నీళ్ళు పోయాలి. ఇదంతా మాటలతోనే చేస్తారు."

కాగితం మీద కలం నడుస్తున్న చప్పుడు వంటింట్లోకి వినిపిస్తోంది.

"పోయినవాడి పేరు నేలమీద పడి ఉండకూడదు. దాన్ని మళ్ళీ లేపి ఇంకొకరి మీద నిలబెట్టాలి. ఆ మాట మగవాడంటే చెల్లదు. ఇంటి పెద్దామె అనాలి."

చివరి మాట కాస్త గట్టిగా అన్నారు, గోడ అవతలికి వినపడేలా.

అన్నమ్మకి ఒళ్ళు మండిపోయింది. సమాధి చేసి వచ్చిన పదో రోజున "వాడు మన ఇంట్లోనే ఉంటాడు అన్నమ్మా" అని ఈయన అన్నప్పుడు, పాపం మతి పోయిందనుకుంది. "ఏడాది నిండేదాకా చూద్దాం. అప్పటికీ నువ్వు నోరారా పిలవకపోతే వాడే పోతాడు" అన్నారు. ఆ గడువు ఈ రోజుతో తీరిపోతుంది. సాయంత్రం జ్ఞాపకార్థ ప్రార్థనకి పాస్టరుగారు వచ్చేసరికి ఇంట్లో తామిద్దరే ఉంటారు.

ఏడాదిగా మూడో కంచం మాస్టారే పెడుతున్నారు. అన్నమ్మ అటు చూసేది కాదు. ఆయనే గిన్నెలు తడుముకుంటూ వడ్డించేవారు. చర్చిలో ఆయన బెంచీ మీద చోటున్నా ఎవరూ కూర్చునేవారు కాదు. వసారాలో అడుగుల చప్పుడైతే అన్నమ్మ పెరట్లోకి వెళ్ళిపోయి, ఆ చప్పుడు ఆగేదాకా బట్టలు ఉతుకుతూనే ఉండేది.

పదకొండింటికి పక్కింటి కూర్మమ్మ గిన్నెలో పెరుగు తెచ్చింది. ముందుగదిలోకి తొంగిచూసి గబుక్కున వెనక్కి వచ్చేసింది.

"ఒసే అన్నమ్మా, ఆడింకా ఈ ఇల్లొదల్లేదేటే? సూస్తే నా గుండె దడదడలాడిపోతన్నాది. మీ పాస్టరుగారికి సెప్పి పంపించీయవే."

"ఈరోజుతో పోతాడులే."

"నువ్విలా కూకుంటే ఎందుకు పోతాడు? కన్నతల్లివి. పొమ్మని నీ నోటితో ఒక్క మాట సెప్పు, సాలు."

"ఆడితో నాకు మాటల్లేవు కూర్మమ్మా. ఆ పేరు నోటికి రాదు. ఇక్కడ అడ్డం పడిపోయినాది" అని అన్నమ్మ గొంతు చూపించింది.

కూర్మమ్మ వెళ్ళిపోయింది. ముందుగదిలోంచి మాస్టారి గొంతు వినిపించింది.

"అయిపోయిందిరా. పుస్తకం అయిపోయింది. ఇంక రాయడానికేం లేదు."

కాగితాలు సర్దుతున్న చప్పుడు వినిపించింది. తర్వాత కుర్చీ వెనక్కి జరిగింది.

అన్నమ్మ వంటింటి గుమ్మంలోకి వచ్చి ఏడాదిలో మొదటిసారి అతని వైపు నేరుగా చూసింది. ఒంటి మీద ఇమ్మానుయేలు చొక్కా. పొందూరు ఖద్దరు. క్రిస్మస్‌కి తనే కొన్నది. కాలరు అరిగి పోగులు లేచిపోయాయి. అతను వసారా దాటి ఎండలోకి దిగుతున్నాడు.

పోతే పోనీ అనుకుంది. పీడ విరగడవుతుందనుకుంది. గూట్లోంచి కంచాలు తీసింది. చూసుకుంటే చేతిలో మూడున్నాయి. ఇతను కూడా వెళ్ళిపోతే ఆ పేరు పెట్టి పిలవడానికి ఇంక లోకంలో ఎవరూ ఉండరని ఆమెకి ఒక్కసారిగా భయం వేసింది. చచ్చేంత భయం వేసింది.

"ఇమ్మానుయేలూ!"

వీధిలోకి వినపడేంత గట్టిగా వచ్చింది ఆ పిలుపు.

"ఒరే, ఎక్కడికిరా ఎండలో? అన్నం సల్లారిపోతన్నాది. రా, తినీసి ఎల్దువు గాని."

మాస్టారు కళ్ళజోడు తీసి పక్కన పెట్టి, ముఖం రెండు చేతుల్లో దాచుకున్నారు.

గేటు దగ్గర అతను ఆగాడు.  అటు తిరిగే ఆ చొక్కా చేతితో కళ్ళు తుడుచుకున్నాడు.

ఏడాది కిందట గజపతినగరం మలుపులో తన లారీ చక్రాల కింద నలిగి చచ్చిపోయిన కుర్రాడి పేరుకి, డ్రైవరు లక్ష్ముడు మొదటిసారి "వస్తన్నానమ్మా" అని పలికాడు.