పక్కలు లేని దారి

పెరట్లో రెండు బండల మధ్య ఒక ఇరుకు సందు ఉండేది. చీమల దారీ అదే, చీమల బడీ అదే. లెక్కలు చెప్పేది మాణిక్యమ్మ చీమ. ఆమె పాఠంలో మైనస్ ఒకటి అంటే గిర్రున వెనక్కి తిరగడం. మైనస్‌ని మైనస్‌తో గుణిస్తే రెండుసార్లు తిరిగి మళ్లీ ముందుకే చూస్తారు.

"పంతులమ్మగారూ, ఏ తిరుగుడు రెండుసార్లు తిరిగితే వెనక్కి చూస్తామండీ?" అని ఒకరోజు నూకాలు అనే చీమ అడిగింది.

"మైనస్ ఒకటికి వర్గమూలం అడుగుతున్నావన్నమాట. అలాంటిది లేదు, కూర్చో."

"పక్కకి తిరిగితేనండీ?"

మాణిక్యమ్మకి ఒళ్లు మండింది. "మన దారికి పక్కలు లేవు" అని తరగతి చేత వల్లె వేయించి, నూకాలుని వరసలోంచి గెంటేసింది. నూకాలు పక్కకి తిరిగి, బండ ఎక్కి వెళ్లిపోయింది.

ఆ సాయంత్రమే వాన పడింది. సందులోకి ముందునుంచి నీళ్లొచ్చాయి. పిల్లలు వెనక్కి తిరిగారు. వెనకనుంచీ వచ్చాయి. మళ్లీ ముందుకు తిరిగారు.

"పక్కకి తిరగండమ్మా, బండ ఎక్కండి" అని మాణిక్యమ్మ గొంతు చించుకుంది.

"మన దారికి పక్కలు లేవు" అని పిల్లలు నీళ్లలోంచి ఒక్క గొంతుతో అప్పజెప్పారు.

మాణిక్యమ్మ పక్కకి తిరిగి బండ ఎక్కింది. అదే తిరుగుడు ఇంకొక్కసారి తిరిగితే వెనక్కి, పిల్లలున్న వైపు చూడొచ్చని, నూకాలు అడిగింది అదేనని అప్పుడు తెలిసింది.

ఆమె తిరగలేదు.