త్రేస్య మొక్కు

అలియమ్మ వదినకు,

నా రాత వంకర, తప్పులుంటే మన్నించండి.

ఉపవాస దినాలు తీరి ఈరోజు ఈస్టరు. మీ చెల్లెలు త్రేస్య చేసే తీరునే గొడ్డుమాంసం, కొబ్బరి ముక్కలు నల్లబడేదాకా వేయించాను. వాసనకు తనే వంటింట్లోకి వచ్చింది.

“మిరియాలంటే అంత భయమా నాయనా? ఇంకా వెయ్యి,” అంది. వేశాను.

వడ్డిస్తే పళ్ళెం తోసేసింది. “నాకు గంజి చాలు.”

“ఉపవాసం అయిపోయిందిగా, తిను.”

“నీకు అయిపోయిందేమో. మా ఆయన ఆసుపత్రి నుంచి వచ్చేదాకా ముట్టనని మొక్కుకున్నాను. బాగానే వండావు, నువ్వు తినేసి వెళ్ళు.”

నేను ఆసుపత్రి నుంచి వచ్చి ఆరేళ్ళయింది వదినా. తను నెలరోజులుగా గంజి తప్ప ముట్టడం లేదు, చిక్కిపోయింది. మీరు చెప్తే నమ్ముతుంది. నేను ఇంటికి వచ్చేశానని తనకు ఒక్క ముక్క రాయండి, త్వరగా.