మలుపులో కుర్చీ

బ్రేకు కీచుమంది. వ్యాను ప్లాస్టిక్ కుర్చీకి జానెడు దూరంలో ఆగింది.

కుర్చీలో పెద్దావిడ పేపరు చదువుకుంటోంది. తల కూడా ఎత్తలేదు.

డ్రైవరుకి ఒళ్ళు మండిపోయింది. ఐసు ఫ్యాక్టరీలో అతన్ని అందరూ రాకెట్టు అంటారు. చేపల మార్కెట్టుకి అందరికన్నా ముందు ఐసు దింపేది అతనే. ముందున్న బళ్ళన్నిటినీ అతను దాటేసేది సరిగ్గా ఈ మలుపులోనే. అలాంటి చోట ఈవిడ రోడ్డు మీదికి కుర్చీ జరుపుకుని కూర్చోవడం మొదలుపెట్టాక, రాకెట్టు రోజూ రెండోవాడుగానో మూడోవాడుగానో చేరుతున్నాడు.

"ఏమ్మా! రోడ్డు మీ తాతగారిదా?"

"కాదు బాబూ. మీ తాతగారిదీ కాదుగా." పేజీ తిప్పింది.

"లే అక్కణ్ణుంచి! బండిలో ఐసు కరిగిపోతోంది!"

"వెళ్ళేటప్పుడు ఐసుంది, సరే. ఖాళీ బండితో తిరిగొచ్చేటప్పుడూ ఇలాగే వస్తావుగా. అప్పుడేం కరుగుతోంది?"

రాకెట్టు హారన్ కొట్టాడు.

"ఎవడైనా నీకన్నా ముందు పోతే పరువు కరిగిపోతుందా?"

వెనక బళ్ళవాళ్ళు కిసుక్కున నవ్వారు. రాకెట్టు వ్యానుని పక్కకి తిప్పి, నత్తలా పాకించుకుంటూ పోయాడు.

ఫ్యాక్టరీకి వెళ్ళి రుసరుసలాడాడు.

"ఆవిడ జోలికి పోకురా," అన్నాడు తోటి డ్రైవరు. "ఆ మలుపులోనే కొడుకు పోయాడట పాపం. మతి చెడి కూర్చుంటోంది."

"పోతే? నేను చంపానా? ఇన్నేళ్ళలో నా బండికి ఒక్క గీత పడిందా?"

"నీకు పడలేదు. నిన్ను తప్పించుకోబోయి ఎంతమందికి పడ్డాయో!"

మర్నాడు పెద్దావిడ మంచినీళ్ళకి లేచిన సమయం చూసి, రాకెట్టు కుర్చీని ముందు చక్రంతో తొక్కించేశాడు. కావాలనే. ఫెళఫెళా విరిగింది. ప్రాణానికి హాయిగా అనిపించింది.

ఆ మర్నాడు అక్కడ చెక్క కుర్చీ వెలిసింది. నడుముకి దిండుతో సహా.

"దీన్ని కూడా విరగ్గొట్టేస్తా!"

"కొట్టెయ్. రేపు మంచం తెచ్చుకుంటా."

రాకెట్టుకి నవ్వొచ్చింది. బిగబట్టుకున్నాడు. ఆవిడ పేపరు దించి మొదటిసారి అతన్ని తేరిపార చూసింది.

"నువ్వు చెడ్డవాడివేం కాదు నాయనా. రోడ్డు ఇంత వెడల్పుగా, నున్నగా కనిపిస్తే ఎవరి కాలైనా ఊరుకోదు. కాలికి నీతులు చెబితే ఎక్కవు. అడ్డం పెట్టాలంతే."

"నా కాలు నా ఇష్టం!"

"నా కుర్చీ నా ఇష్టం."

నెలలు గడిచాయి. ఇద్దరిలో ఎవరూ తగ్గలేదు. రాకెట్టు రోజూ తిడుతూనే బండి నెమ్మది చేసేవాడు. ఆవిడ పేపరు వెనకనుంచి "వృద్ధిలోకొస్తావు!" అనేది.

ఒక పొద్దున కుర్చీ లేదు.

రాకెట్టు ఈల వేశాడు. విచిత్రం, కాలు దానంతటదే బ్రేకు మీదికి పోయింది. అతనికి పౌరుషం పొడుచుకొచ్చింది. 'ముసలావిడ నా కాలికి కూడా నేర్పేసిందే!' అని పళ్ళు కొరికి, పట్టుబట్టి యాక్సిలరేటరు తొక్కాడు.

మలుపు తిరిగేసరికి ఎదురుగా ఒక నర్సు రోడ్డు దాటుతోంది. ఇటు చూడనైనా చూడటం లేదు.

బ్రేకు వేసిన వేగానికి వ్యాను గిర్రున తిరిగింది. వెనక తలుపు తెరుచుకుని ఐసు దిమ్మలు రోడ్డంతా పడి పగిలాయి. నర్సు రోడ్డు పక్కన కూలబడింది. వెంట్రుకవాసిలో తప్పింది, దెబ్బేమీ తగల్లేదు.

రాకెట్టు బండి దిగాడు.

"చూసుకుని దాటొద్దా అమ్మా!" అన్నాడు.

"ఇక్కడ దాటేవాళ్ళం చూసుకోవడం ఎప్పుడో మానేశాం," అంది నర్సు కోపంగా. "ఆవిడ ఉంటుంది, బళ్ళు మెల్లగా వస్తాయని ధీమా. పోయిందని తెలిసి కూడా అలవాటు కొద్దీ దాటేశాను."

"పోయిందా?"

"నిన్న. మా ఆసుపత్రిలోనే. గుండెపోటు."

రాకెట్టు కరుగుతున్న ఐసు మధ్య నిలబడిపోయాడు. ఇక తిట్టుకోవడానికి మనిషి లేదు. అది ఇంత కష్టంగా ఉంటుందని అతను అనుకోలేదు.

అంతా సద్దుమణిగాక, నర్సు చెప్పిన గుర్తులు పట్టుకుని ఆ ఇంటికి వెళ్ళాడు. ఆవిడ చెల్లెలు తలుపు తీసింది.

"కుర్చీ విరగ్గొట్టింది నేనేనమ్మా. తప్పయిపోయిందని చెప్పుకుందామంటే ఆవిడ లేదు. కొడుకుని పోగొట్టుకున్న తల్లితో నేను మాట్లాడిన మాటలు..."

"కొడుకేమిటి? అక్క పెళ్ళే చేసుకోలేదే!"

"మరి ఆ మలుపులో పోయిందెవరు?"

"ఎవరెవరో. మావాళ్ళెవరూ కాదు. ఒక్కొక్కళ్ళు పోయినప్పుడల్లా అక్క అన్నం ముట్టేది కాదు. ఆ మలుపు ఇరుకు చెయ్యండని ఆఫీసుల చుట్టూ తిరిగింది. ఎవరూ వినలేదు. మీరు చెయ్యకపోతే నేనే చేస్తానని కుర్చీ పట్టుకుని పోయింది."

"ఎవరో పోతే ఆవిడకెందుకమ్మా అంత పంతం?"

చెల్లెలు గోడకి ఆనించి ఉన్న చెక్క కుర్చీ వైపు చూసింది.

"బళ్ళు ఎక్కడా నెమ్మదించకుండా దూసుకుపోవాలని ఆ మలుపుని అంత వెడల్పుగా గీసిన ఇంజనీరు మా అక్కే, బాబూ."