రెండు పెన్సిల్ సెల్స్

గిటారు ఆంప్ కుయ్యోమంది, కిర్రుమంది, చివరికి మూగబోయింది.

గిటారిస్టుకి ముచ్చెమటలు పట్టాయి.

హోటల్ తోటలో సాయంత్రాలు వాయించడానికి ఒక్క మనిషి కావాలి. ఇవాళే పరీక్ష. ఇదీ పోతే గిటారు అమ్మేసి బావమరిది కొట్లో కూర్చుంటానని భార్యకి మాటిచ్చేశాడు.

వైరు మార్చాడు. వాల్యూమ్ తిప్పాడు. డబ్బాని రెండు తట్టాడు. ఉహూ.

అప్పుడు బుర్రలో వెలిగింది. ఈ బుల్లి ఆంప్‌కి స్విచ్ లేదు. వైరు గుచ్చితే ఆన్, పీకితే ఆఫ్. నిన్న ప్రాక్టీసు అయ్యాక ఈ మహానుభావుడు వైరు పీకనే లేదు. సెల్స్ హరీమన్నాయి.

"సార్, సెల్స్ ఏమైనా ఉన్నాయా?" మేనేజర్‌ని అడిగాడు.

"అవీ మేమే ఇవ్వాలా? ఐదు నిమిషాలు చూస్తాను. తర్వాత ఆ ఫ్లూటు అమ్మాయిని పిలుస్తాను."

చేజేతులా కొంప ముంచుకున్నానని వేదిక మెట్ల మీద కూలబడ్డాడు. ఏడుపొక్కటే తక్కువ.

ఎదురుగా బెంచీ మీద కూర్చున్న ఓ పెద్దాయన లేచొచ్చాడు.

"ఏమైంది బాబూ?"

"పెన్సిల్ సెల్స్ అయిపోయాయి. మీ జేబులో ఉంటాయా ఏంటి?" విసుక్కున్నాడు.

పెద్దాయన కాసేపు ఆలోచించాడు. అటు తిరిగి ఏదో వెతుక్కుని, రెండు సెల్స్ తెచ్చి చేతిలో పెట్టాడు.

గిటారిస్టు వాటిని అనుమానంగా తిప్పి చూశాడు.

"కొత్తవే బాబూ. వెళ్లు, టైమవుతోంది."

ఆంప్ పలికింది. పోయిన ప్రాణం లేచొచ్చింది. గిటారిస్టు బతుకంతా వేళ్లలోకి తెచ్చుకుని వాయించాడు.

దిగి వస్తూ, "మీ మేలు మర్చిపోలేనండీ" అన్నాడు.

పెద్దాయన పలకలేదు. కనీసం తల తిప్పలేదు.

సాయం చేశాడు సరే, ఇంత బెట్టెందుకో అనుకున్నాడు గిటారిస్టు. భార్యకి ఫోన్ చేయాలని గేటు బయటికి పరుగెత్తాడు. సెల్స్ తిరిగివ్వాలన్న ధ్యాసే లేదు.

తిరిగొచ్చేసరికి ఫ్లూటు అమ్మాయి వాయించడం అయిపోయింది.

"మీరు రేపట్నుంచి రండి," అన్నాడు మేనేజర్ గిటారిస్టుతో.

ఆ సంతోషంలో పెద్దాయన గుర్తొచ్చాడు. ఆంప్‌లోంచి సెల్స్ తీసి పట్టుకొచ్చాడు. బెంచీ ఖాళీగా ఉంది. పక్కనే ఫ్లూటు అమ్మాయి సంచి సర్దుకుంటోంది.

"ఇక్కడ కూర్చున్న పెద్దాయన ఎటెళ్లారమ్మా? ఈ సెల్స్ ఆయనవి."

"ఆటో పిలవడానికి వెళ్లారు. నాకివ్వండి, మా నాన్నే," అంటూ చెయ్యి చాపింది. "జేబులో పెట్టుకునే చెవి మిషన్‌లోదీ, స్పేరుదీ రెండూ మీకే ఇచ్చేశారుగా, నేను వాయించినంతసేపూ పాపం నా వేళ్లే చూస్తూ కూర్చున్నారు."